నలభై ఒకటో పేజీలో నాన్ పొయ్యి

మా బాపు సర్కారు అచ్చాఫీసులో కంపోజిటర్. సీసపు అక్షరాలను ఒక్కొక్కటే ఏరి వరుసలో పేర్చడం ఆయన పని. మంత్రులవీ, కలెక్టర్లవీ, బదిలీ అయిన గుమాస్తాలవీ ఎన్ని వేల పేర్లు ఆయన వేళ్ల మీదుగా పోయాయో లెక్కలేదు. సాయంత్రం ఇంటికొచ్చి, నల్లబడిన వేళ్లను సబ్బుతో రుద్దుకుంటూ, "ఒక్కపాలి నీ పేరు పుస్తకంల చూడాలె బిడ్డా" అనేవాడు. ఆ కోరిక తీరింది. ఎట్లా తీరిందో తలచుకుంటే ఇన్నేళ్లయినా నాకు ఒళ్లు మండుతుంది.

మేం మలక్‌పేటలో ఉండేవాళ్లం. నేను టెలిఫోన్ ఎక్స్చేంజీలో ఆపరేటర్ని. డెబ్బైల మొదట్లో ఒక గుడ్ ఫ్రైడే నాడు మా చర్చికి ప్రసంగం చేయడానికి ఒక ముసలి అయ్యగారు వచ్చారు. సిలువ మీద ప్రభువు పలికిన ఏడు మాటల్లో ఒకదాన్ని బైబిల్లో తెలుగు చేయకుండా అట్లాగే ఉంచారు కదా, 'ఎలోయీ, ఎలోయీ, లామా సబక్తానీ' అనే మాట, దాన్ని ఆయన రెండుసార్లు చదివారు. "ఇది అరామిక్ భాష. ప్రభువు ఇంట్లో తల్లితో మాట్లాడిన భాష. ప్రాణం పోయేటప్పుడు ఆయనకు అదే నోట వచ్చింది" అన్నారు. చిన్నప్పటి నుంచి ఆ మాటను మంత్రంలాగా వినేదాన్నే గానీ, దాన్ని ఒక మనిషి అన్నాడని నాకు అప్పుడే తట్టింది. ఆరాధన అయ్యాక ఆయన చెప్పులు వేసుకుంటుంటే ఎదురుగా వెళ్లి నిలబడి, "నాకు ఆ భాష నేర్పుతరా అయ్యగారూ?" అని అడిగేశాను.

ఆయన నన్ను ఎగాదిగా చూశారు. "ఆడపిల్లవు, నీకెందుకమ్మాయ్?" అన్నారు. "ప్రభువు అమ్మతోని మాట్లాడిండంటిరి గదా. అమ్మ గూడ ఆడమనిషే" అన్నాను. పక్కనున్న వాళ్లు నవ్వారు, ఆయనా నవ్వారు. సోమవారం నుంచి రమ్మన్నారు.

అయ్యగారు కోస్తా వైపు మనిషి. పాస్టర్లకు చదువు చెప్పే బడిలో ముప్పై ఏళ్లు పనిచేసి రిటైరై, డబీర్‌పురా దర్వాజా దాటాక ఒక గల్లీలో భార్యతో ఉండేవారు. ఆయనకు చదువు నేర్పిన తెల్లదొర ఒకాయన తన దేశం వెళ్లిపోతూ అరామిక్ పుస్తకాలు ఆయనకే ఇచ్చి వెళ్లాడు. ఒక్కొక్కటి ఒడిలో పెట్టుకుంటే కాళ్లు తిమ్మిరెక్కేంత బరువు. పాత కాలపు యూదు పండితులు, రబ్బీలంటారు వాళ్లను, పొలం గట్టు నుంచి పెళ్లి మంచం దాకా ప్రతి సంగతినీ తవ్వి తవ్వి వాదించుకున్న పుస్తకాలవి. కుడి నుంచి ఎడమకు చదవాలి. బడిలో ఉర్దూ చదివినదాన్ని కాబట్టి నాకది కష్టం కాలేదు. మాటల్లో సగం మా గల్లీలో వినే మాటలకు చుట్టాలే. రాజును మల్కా అంటే మాలిక్ గుర్తొచ్చేది, శాంతిని ష్లామా అంటే సలాం గుర్తొచ్చేది. డ్యూటీ దిగాక వారానికి మూడు రోజులు, ఆరేళ్లు వెళ్లాను. ఎండ లేదు, వాన లేదు.

మొదటి రోజే అయ్యగారు ఒక పద్ధతి చెప్పారు. ఆ రబ్బీలు ఏ మాటనూ ఊరికే చెప్పరు. ఫలానా ఆయన చెప్పాడని ఫలానా ఆయన అన్నాడు, అని మొదలుపెట్టిన తరవాతే మాట. చెప్పింది పనికిమాలిన సంగతైనా సరే, చెప్పినవాడి పేరు పోనివ్వరు. "పేరు చెప్పకుండా మాట ఎత్తుకుంటే దొంగతనమే అమ్మాయ్. ఈ ఇంట్లోనూ అదే పద్ధతి" అన్నారు. పాఠంలో తేలిన ప్రతి అర్థాన్నీ ఒక చీటీ మీద రాసేవాళ్లం. పైన కుడి మూల, ఆ అర్థం ఎవరికి తట్టిందో వాళ్ల పేరు. దొర పేరు, అయ్యగారి పేరు, ఒక్కోసారి నా పేరు. చీటీలు చెప్పుల డబ్బాల్లో పేర్చేవాళ్లం. ఇవన్నీ ఒక రోజు తెలుగులో పుస్తకం అవుతాయని ఆయన అనేవారు. ఆ మాట ఇంట్లో చెప్పాను. బాపుకు ఇక అదే ఫికర్. "మీ కితాబు ఎంతల ఉన్నది?" అని వారం వారం అడిగేవాడు.

ఒకచోట మేమిద్దరం రెండు నెలలు ఇరుక్కుపోయాం. ఏ పనీ చేయకూడని విశ్రాంతి దినాన ఒకడు మరిచిపోయి పొయ్యికి రొట్టె అంటించాడు, అది కాలక ముందే ఊడదీయవచ్చా లేదా అని రబ్బీల వాదన. అయ్యగారికి అంటించడమే బోధపడలేదు. ఆయన ఎరిగిన రొట్టె పెనం మీద కాలేది, లేకపోతే దొరల ఇళ్లలో రేకు పెట్టెలో పొంగేది. "రొట్టెను పొయ్యికి అంటించడమేమిటి? నకలు రాసినవాడు ఏదో తప్పు రాసుంటాడు" అని చివరికి ఒక రోజు కొట్టిపారేశారు.

ఆ రోజు ఇంటికి పోతూ నాన్ దుకాణం ముందు ఆగాను. ఆదివారం కూరకు అక్కడే నాన్ కొనేవాళ్లం, వందసార్లు చూసిన దుకాణమే. నేలలో బావిలాగా గుండ్రటి పొయ్యి. నాన్ చేసే భాయ్ తలకూ చేతికీ గుడ్డ చుట్టుకుని, పిండిని మెత్త మీద పరిచి, నడుం దాకా లోపలికి వంగి, ఫట్ మని గోడకు కొట్టాడు. రొట్టె గోడను పట్టుకుని నిలబడింది. నేను రోడ్డు మీదే "అయ్యో!" అని అరిచాను.

"క్యా హువా అమ్మా, చెయ్యి కాలిందా?" అన్నాడు భాయ్.

"లేదు భాయ్. గోడకు కొట్టినంక, కాలకముందే తీస్తే ఏమైతది?"

"ఎందుకు తీస్తరమ్మా? గట్ల తీస్తే పిండి సాగి నిప్పుల పడ్తది, పొయ్యంత ఖరాబ్ అయితది. అంటించినంక ఇగ ఆగుడే."

మరునాడు పరుగెత్తుకెళ్లి చెప్పాను. నమ్మకపోతే అయ్యగారిని రిక్షాలో కూర్చోబెట్టి తీసుకొచ్చి చూపించాను. ఆయన పొయ్యిలోకి తొంగి చూసి, కండువాతో కళ్లు తుడుచుకున్నారు. పొగకో, సంతోషానికో తెలియదు. "ముప్పై ఏళ్లు పాఠం చెప్పాను, నాకీ ముక్క తెలియలేదు. చీటీ నువ్వే రాయి. పేరు నీదే" అన్నారు. రాశాను. పొయ్యి నేలలో పాతి ఉంటుందనీ, రొట్టెను లోపలి గోడకు అంటిస్తారనీ, అంటించాక ఊడదీయడం ఎంత తంటానో, అన్నీ. పైన కుడి మూల నా పేరు. ఆ రాత్రి బాపు నాన్ ముక్క నములుతూ, "గిది గూడ కితాబుల వస్తదా?" అని మురిసిపోయాడు.

పుస్తకం ఛత్తా బజార్‌లో అచ్చయింది. చర్చిలో ప్రార్థన చేసి విడుదల చేశారు. నాకొక ప్రతి ఇచ్చారు. ఇంటికి తెచ్చి బాపు చేతిలో పెట్టాను. అప్పటికి ఆయన రిటైరయ్యాడు, చూపు తగ్గింది. భూతద్దం పట్టుకుని, అట్ట నుంచి చివరి పేజీ దాకా మూడు రోజులు చదివాడు. ముందుమాటలో దొరకు, ప్రెస్సు యజమానికి, కాగితం ఇప్పించిన వ్యాపారికి, వేళకు కాఫీ అందించిన అయ్యగారి భార్యకు వందనాలు ఉన్నాయి. మూడో రోజు సాయంత్రం బాపు భూతద్దం పక్కన పెట్టి, "యాడ లేదు బిడ్డా" అన్నాడు. నేను పక్కకు తిరిగి బియ్యం ఏరుతూ కూర్చున్నాను.

అంతకన్నా పెద్ద దెబ్బ నలభై ఒకటో పేజీలో ఉంది. "ఒక సాయంత్రం నేను పాతబస్తీలో ఒక నాన్ దుకాణం ముందు నిలబడి ఉండగా" అని అక్కడ మొదలవుతుంది. నా అరుపు కూడా ఆయనే అరిచేశారు. భాయ్ నాతో అన్న మాటలు ఆయనతో అన్నాడు. పేరు లేకపోతే పోయింది, మరిచిపోయారని సర్దుకునేదాన్నేమో. నేను నిలబడిన చోటు నుంచి నన్ను పక్కకు నెట్టి ఆయన నిలబడ్డారు. దానికి ఏం పేరు పెట్టాలి?

పుస్తకం పట్టుకుని వెళ్లాను. "నాన్ దుకాణం ముంగట నిలవడ్డది ఎవరు అయ్యగారూ?" అన్నాను. ఆయన చాలాసేపు కళ్లజోడు తుడుచుకున్నారు. "పుస్తకం నాదీ కాదు, నీదీ కాదమ్మాయ్. ప్రభువుది. పేరులో ఏముంది?" అన్నారు.

"ఏం లేకుంటే అట్ట మీద మీది ఎందుకు పెట్టిన్రు? ప్రభువుదే పెట్టకపోయిన్రా?"

ఆయన భార్య వంటింట్లోంచి తొంగి చూసి లోపలికి వెళ్లిపోయింది. చెప్పుల డబ్బాలు అలమరలో ఎప్పటిలాగే ఉన్నాయి. నా చీటీలు తీసి ఇమ్మని అడగాలనుకున్నాను, అడగలేదు. బయటికొచ్చేశాను. మళ్లీ ఆ గడప తొక్కలేదు. నేర్చుకున్న భాషను కూడా ముట్టలేదు. తిండి పెట్టిన చేయి కొడితే ఓర్చుకోవచ్చంటారు, నా వల్ల కాలేదు.

ఏడాదిన్నర తరవాత ఒక ఆదివారం బాపు ఒక్కడే చర్చికి వెళ్లాడు. నాకు డ్యూటీ ఉండి వెళ్లలేదు. నేను ఇంటికొచ్చేసరికి గుమ్మంలోనే నిలబడి ఉన్నాడు. "వచ్చింది బిడ్డా! నీ పేరు వచ్చింది!" అంటూ నా చెయ్యి పట్టుకుని లోపలికి లాగాడు. బల్ల మీద అదే పుస్తకం. చర్చి బయట బల్ల మీద పెట్టి అమ్ముతుంటే, తెరిచి చూశాడట. లోపల ఒక చిన్న చీటీ అంటించి ఉంది. బాపుకు ఆ సన్నటి టైపు కనబడలేదు. బొద్దు టైపులో వేసిన నా పేరొక్కటే కనబడింది. పుస్తకం కొని ఇంటికి తెచ్చాడు గానీ, మిగతాది నాతోనే చదివించుకోవాలని ఇంట్లో ఉన్న భూతద్దం కూడా ముట్టకుండా కూర్చున్నాడు.

"సదువు బిడ్డా, పెద్దగ సదువు" అన్నాడు.

నేను లోలోపల చదువుకున్నాను. నలభై ఒకటో పేజీలో పొయ్యి నేలలో పాతి ఉంటుందని రాయడం పొరపాటని ఒక పండితుడు తెలియజేశారు. ఆ కాలపు పొయ్యి నేల మీద నిలబెట్టినది అని చదువుకోవాలి. ఈ పొరపాటు నా శిష్యురాలు కుమారి ఫలానా ఆమెది. అంతే. కింద అయ్యగారి సంతకం.

తప్పు నాదే, కాదనను. మా ఊరి నాన్ పొయ్యి నేలలో ఉంటుంది కాబట్టి లోకంలో పొయ్యిలన్నీ నేలలోనే ఉంటాయనుకున్నాను. ఈ ఊళ్లో పుట్టినదాన్ని, ఇంకెట్లా అనుకుంటాను? కానీ పుస్తకంలో ఆ దుకాణం ముందు నిలబడింది ఆయనే కదా, మరి తప్పు వచ్చేసరికి నేనెక్కణ్ణుంచి వచ్చాను? ఆరేళ్లలో ఆయన నన్ను ఒక్కసారి కూడా ఎవరి ముందూ శిష్యురాలు అనలేదు. ఆ మాట కోసం ఎంత కాచుకున్నానో నాకు తెలుసు. చెప్పినవాళ్ల పేరు చెప్పాలనే పద్ధతి ఆయనకు గుర్తుందన్నమాట.

"ఏంది, సదువుతలేవ్?" అన్నాడు బాపు. అబద్ధం చెబుదామని నోరు తెరిచాను. నా ముఖం చూసి ఆయనే పుస్తకం లాక్కుని, భూతద్దం తెచ్చుకుని, కిటికీ దగ్గర నిలబడ్డాడు. ఒక్కో అక్షరం మీద వేలు పెట్టుకుంటూ చదివాడు. నా పేరు దగ్గరకొచ్చాక ఇంటిపేరుతో సహా రెండుసార్లు చూశాడు. "అచ్చు తప్పు పోలె. మంచిగ పేర్చిండు" అన్నాడు. తరవాత వేలు వెనక్కి జరిపి, పేరు ముందున్న 'ఈ పొరపాటు' అనే మాట మళ్లీ చదివాడు.

పుస్తకం మూసి, తన వేళ్లకేసి చూసుకున్నాడు. రిటైరై మూడేళ్లయినా గోళ్ల అంచుల్లో ఆ నలుపు ఇంకా పోలేదు. "ముప్పై ఏండ్లు అందరి పేర్లు పేర్చిన. గీ పేరు నా చేతులకెళ్లి పోకపోవుడే మంచిగయింది బిడ్డా" అన్నాడు. ఆ తరవాత ఆయన బతికినన్నాళ్లు నా పేరు అచ్చులో చూడాలని మళ్లీ అనలేదు.