జపాను సినిమాకు మా తాతయ్య చెప్పిన కథ

నా చిన్నప్పుడు మాచర్లలో మా వీధి మొత్తానికి టీవీ మా ఇంట్లోనే ఉండేది. ఆదివారం మధ్యాహ్నం ఏదో ఒక భాష సినిమా వేసేవాళ్ళు. కింద ఇంగ్లీషు అక్షరాలు పడేవి. గురజాల కోర్టులో గుమస్తాగా చేసి రిటైరైన మా తాతయ్య వాటిని చదివి అందరికీ తెలుగులో చెప్పేవాడు.

ఆ ఏడు ఆయన కళ్ళకు పొర కమ్మింది. మనుషులు మసగ్గా కనిపించేవాళ్ళు, అక్షరాలు మాత్రం కనిపించేవి కావు. పేపరు నా చేతే చదివించుకునేవాడు. ఆ సంగతి నాకూ మా నాయనమ్మకూ తప్ప బయట ఎవరికీ తెలియదు.

పక్కింటి అక్క అప్పుడు పెద్ద కష్టంలో ఉంది. తమ చర్చిలో పాటలు పాడే అబ్బాయిని చేసుకుంటానంది. పంపుసెట్లు బాగుచేసి బతికేవాడు. సెంటు భూమి లేనివాడికి పిల్లనివ్వనని వాళ్ళ నాన్న పట్టుబట్టాడు. ఆయన్ని నేను పెదనాన్న అనేదాన్ని. కారంపూడి సంబంధం ఖాయం చేసి, పై ఆదివారమే చర్చిలో ప్రధానం పెట్టుకున్నాడు. అది జరిగితే ఇక మాట వెనక్కి తీసుకోవడం ఉండదు. పాస్టరుగారు చెప్పబోయినా, తాతయ్య చెప్పబోయినా, "నా ఇంటి సంగతి మీకెందుకు?" అని లేచిపోయేవాడు. అక్క మనిషి సగమైంది.

ప్రధానానికి ముందు ఆదివారం టీవీలో జపాను సినిమా వచ్చింది. యుద్ధంలో కూలిపోయిన ఊరు. మొండిగోడల మధ్య ఓ అబ్బాయి, ఓ అమ్మాయి ఒకే గొడుగు కింద నడుస్తున్నారు. గొడుగుకు చిల్లి ఉంది. అబ్బాయి ఆ చిల్లిని తనవైపు తిప్పుకుని తడిశాడు. చర్చి నుంచి వచ్చి ముందు వరసలో కూర్చున్న పెదనాన్న, "మంచోడే" అన్నాడు. అక్క మా వంటగది గుమ్మం దగ్గర నిలబడి ఉంది.

తాతయ్య కళ్ళజోడు సవరించుకుని చదవడం మొదలుపెట్టాడు. నేను బిత్తరపోయాను. ఆయన చేయి నా మోకాలి మీద పడింది. నేను నోరు మూసుకున్నాను. బజారులో చిలగడదుంపలు కాల్చే బట్టతల ముసలాయన కనిపించగానే, "ఆయనే ఆ పిల్ల నాన్న. పిల్లాడికి ఆస్తి లేదని ఒప్పుకోవట్లేదు" అన్నాడు. ఆ అమ్మాయి ఓ దుంప కొనుక్కుని, వంగి దండం పెట్టి వేరే ఇంటికి వెళ్ళిపోయింది.

"నాయనైతే, ఆ పిల్ల వేరే ఇంటికి పోతందేంది బాబాయ్?" అన్నాడు పెదనాన్న.

"అలిగి పిన్నమ్మ ఇంట్లో ఉంటంది" అన్నాడు తాతయ్య, తడుముకోకుండా. నాయనమ్మ కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది.

చివరికి అబ్బాయి ఊరు వదిలి రైలెక్కుతున్నాడు. అమ్మాయి స్టేషను మెట్ల మీద ఏడుస్తోంది. ముసలాయన దుంపల బండి తోసుకుంటూ వచ్చి ఆమె ముందు ఆగాడు. ఠప్పున కరెంటు పోయింది.

గదిలో అందరికన్నా ముందు పెదనాన్న గొంతే లేచింది. "ఏంది ఆ ముసలోడి పంతం? యుద్ధంలో ఊరే కూలిపోయింది, ఇంకా ఆస్తంటాడేంది? బిడ్డ మొహం చూడొద్దా?"

అంతలోనే ఆయన ఆగిపోయాడు. మెల్లగా తల తిప్పి గుమ్మం వైపు చూశాడు. అక్క కళ్ళు దించుకుంది.

"ఇంతకీ పెళ్ళి చేశాడంటావా?" అంది నాయనమ్మ.

పెదనాన్న కండువాతో మొహం తుడుచుకున్నాడు. "చెయ్యక ఏం చేస్తాడు పిన్నీ?" అని లేచి వెళ్ళిపోయాడు.

మర్నాడు పొద్దున్నే, పొలంలో మోటారు నిక్షేపంలా తిరుగుతున్నా, ఓసారి చూసిపొమ్మని పెదనాన్న ఆ అబ్బాయికి కబురు పంపాడు. అక్క పరుగున వచ్చి నాయనమ్మను వాటేసుకుని ఏడ్చింది, మళ్ళీ నవ్వింది. ఆ పూట మా ఇంట్లో కూర్చుని రెండుసార్లు అన్నం పెట్టించుకుని తింది. కారంపూడి వాళ్ళకు పెదనాన్నే స్వయంగా వెళ్ళి నచ్చజెప్పి వచ్చాడు.

ఆ సినిమా చివర ఏం జరిగిందో నాకిప్పటికీ తెలియదు. తర్వాత పత్రికలో పనిచేస్తూ ఎందరికో ఎన్నో సలహాలు రాశాను గానీ, నా అనుకున్నవాళ్ళు పంతానికి పోయినప్పుడు మాత్రం సలహా చెప్పను. ఎవరిదో కథ ఎత్తుకుంటాను. ముసలాయన బండి ఆగిన చోట నేనూ ఆపేసి, కాఫీ కలపడానికి లేస్తాను.