ఉపదేశి రాయప్ప ముందుజాగ్రత్త

తిరువూరు శివార్లలో ఉన్న చిన్న కథోలిక గుడికి రాయప్ప ఇరవై రెండేళ్లుగా ఉపదేశి. గంట కొట్టడం, పిల్లలకు జపాలు నేర్పడం, ఫాదర్ రాని ఆదివారాల్లో పెనుగొలను దాకా సైకిలు తొక్కి ప్రార్థన నడిపించడం ఆయన పని. గుడి ఆవరణలోని రెండు గదుల ఇల్లు ఆ పనితో వచ్చిందే. పని పోతే ఇల్లూ పోతుంది.

పందొమ్మిది వందల డెబ్భై మూడులో ముసలి ఫాదర్‌కు బదిలీ అయింది. వచ్చేది కుర్ర ఫాదర్ అని తెలిసిన రోజు నుంచి రాయప్ప మహానుభావుడు కడుపునిండా తింటే ఒట్టు. లాటిన్ పోయి తెలుగు పూజలు వచ్చినప్పుడే సగం చచ్చాడు. ఇప్పుడొచ్చే ఆయన ఎలాంటివాడో, ఏం మారుస్తాడో ఎవరికీ తెలియదు. రాయప్పకు మాత్రం అంతా తెలిసిపోయింది.

"నన్ను తీసేసి చదువుకున్నోళ్లని పెట్టుకుంటాడే."

"ఆయన మొహమైనా చూశావా?" అనేది భార్య అంతోనమ్మ.

మధ్యాహ్నం మళ్లీ అదే మాట, పడుకోబోతూ మళ్లీ అదే. ఒకరోజు ట్రంకుపెట్టె సర్ది తాడు బిగించాడు. చీర కావాల్సొచ్చి ఆమె విప్పింది. ఆయన మళ్లీ కట్టాడు. ఆమె పెంచుకునే కోళ్లను చెప్పాపెట్టకుండా పెనుగొలనులో చెల్లెలికి ఇచ్చి వచ్చిన రోజున ఆమెకు ఒళ్లు మండిపోయింది.

"ఇంకా నయం, నన్నివ్వలేదు!"

మూణ్ణెల్లకు ఒక పొద్దున కొత్త ఫాదర్ బెజవాడ బస్సు దిగాడు. ఆయన వెనకే నిండు నెలల పెళ్లాంతో, పరుపుచుట్టతో ఇంకో మనిషి దిగాడు. రాయప్ప దండ వేస్తుంటే ఫాదర్ ఆయన చెయ్యి పట్టుకున్నాడు.

"ఒక గుడి విచారణ నా చేతికి రావడం ఇదే మొదటిసారి, రాయప్పగారూ. మీరున్నారన్న ధైర్యంతోనే ఒప్పుకున్నాను. తీరా చూస్తే, ఇక చెయ్యలేనని మీరు బిషప్పుగారికి ఉత్తరం రాశారట. అందుకే మీ స్థానంలో ఈ దేవానందాన్ని పంపించారు. ఒంట్లో ఎలా ఉందండీ?"

అంతోనమ్మ మొగుడి వంక చూసింది. ఆయన నేల చూశాడు.

"తీసేశారనిపించుకోవడం కంటే మనమే ముందు..." అని గొణిగాడు ఇంటికొచ్చాక.

"నాతో ఒక్క మాట చెప్పొచ్చుగా!"

"చెప్తే రాయనిస్తావా?"

ఆ మధ్యాహ్నం రాయప్ప మారు అన్నం పెట్టించుకున్నాడు. పచ్చిపులుసు బాగుందన్నాడు. "పోన్లే, ఏదో ఒకటి తేలిపోయింది" అని చాప పరుచుకున్నాడు. అంతోనమ్మ గరిటె విసిరికొట్టి, గోడకు ఆనుకుని వెక్కివెక్కి ఏడ్చింది. రేపటి నుంచి ఏ ఊళ్లో, ఎవరి పంచన ఉండాలో తలుచుకుంటే ఆమెకు మొదటిసారి గుండెల్లో దడ పుట్టింది. ఆయన అప్పటికే గురక పెడుతున్నాడు.