శ్రీధర్మరాజ నగరంలో నోయ్ మొక్కు

చిన్నప్పుడు ఊడిన పాలపన్నుని జడలో దాచుకుని కొన్నాళ్ళు తిరిగాను. ఈ సంగతి ఇంతవరకూ ఎవరికీ చెప్పలేదు. మా ఊరు శ్రీకాకుళం జిల్లాలో దంతపురం కోట దిబ్బకి దగ్గర. ఒకప్పుడు అక్కడ బుద్ధుడి దంతం ఉండేదనీ, శత్రువులు మీదపడినప్పుడు రాకుమారి హేమమాల దాన్ని కొప్పులో దాచుకుని, దంతకుమారుడితో కలిసి ఓడెక్కి సింహళం చేరిందనీ కథ. దారిలో ఓడ ఎక్కడైనా ఆగిందా అని అడిగితే మా ఊళ్ళో ఎవరూ చెప్పలేకపోయారు.

"మా ఊళ్ళో ఆగింది" అని దోహాలో నోయ్ చెప్పింది. నేను లాండ్రీ సెక్షన్‌లో పనిచేసే హోటల్లోనే ఆమె స్పాలో పనిచేస్తుంది. నోయ్‌ది దక్షిణ థాయ్‌లాండ్‌లోని నఖోన్ సీ థమ్మరాత్. విడదీసి చూస్తే నగర శ్రీ ధర్మరాజ. ఆ మాట విన్న రోజునుంచీ ఆ ఊరు చూడాలని నాకు ఒకటే బెంగ.

నోయ్ బెంగ వేరు. కూతురు ప్లోయ్‌ని పాలు మానిపించగానే తల్లి దగ్గర వదిలి వచ్చింది. తర్వాత పిల్లకి డెంగీ వచ్చి గండం గడిచింది. తల్లీకూతుళ్ళిద్దరం చెరో చివరా పట్టుకుని వాళ్ళ ఊరి మహాధాతు స్తూపానికి గుడ్డ సమర్పిస్తామని నోయ్ మొక్కుకుంది. అందుకే ఇద్దరం కలిసి టికెట్లు కొన్నాం. ఉగాదికే ఇంటికి వెళ్ళొచ్చాను కనక మిగిలిన వారం సెలవు దీనికి వాడుకున్నాను.

అది దోహాలో ఫుట్‌బాల్ ప్రపంచ కప్పు జరిగిన ఏడాది. ప్రయాణం ముందురోజు స్పా వాళ్ళ సెలవులు రద్దయ్యాయి, మావి కాలేదు. నోయ్ ఏడవలేదు. పొడుగాటి తెల్లగుడ్డ మడతపెట్టి నా పెట్టెలో సర్దింది.

"నా చివర నువ్వు పట్టుకో. రెండోది ప్లోయే పట్టుకోవాలి, లేకపోతే మొక్కు తీరదు. ఫోన్‌లో నా మొహం కనిపిస్తేనే మంచం కిందకి దూరుతుంది. నిన్ను చూసి ఏం చేస్తుందో!"

క్యాంటీన్‌లో ఇంకో గరిటె కూర అడగడానికే మొహమాటపడేదాన్ని నేను.

అబూ హమూర్‌లోని మా వసతి నుంచి విమానాశ్రయానికి కంపెనీ డ్రైవర్ మల్లేశన్న దిగబెట్టాడు. ఆయనది జగిత్యాల వైపు. దారి పొడుగునా స్తంభాలకి బంతి బొమ్మల జెండాలు.

"ఒక్కదానివే పోతున్నవా చెల్లె? మా ఊర్ల జెప్తే బ్యాంకాక్ గూడ దుబాయ్‌లనే ఇంకో గల్లీ అనుకుంటరు" అని నవ్వాడు. దింపుతూ, "భయమైతే ఫోన్ జెయ్యి. ఈడికెల్లి నేను జేసేది మాఫీ, ఏం లేదు, కని ఫోనైతే ఎత్తుత. యల్లా, పోయిరా!" అన్నాడు.

సాయంత్రం బయలుదేరిన విమానం తెల్లవారకముందే బ్యాంకాక్‌లో దింపింది. మన పాస్‌పోర్టుకి వీసా అక్కడే ఇచ్చారు. ఫోటోలు దగ్గర పెట్టుకోండి, వరస పెద్దది. పగలంతా హువా లంఫోంగ్ స్టేషన్‌లో పుస్తకం చదువుకుంటూ కూర్చుని, రాత్రి ఏడున్నర రైలెక్కాను. వెళ్ళేవాళ్ళు కింది బెర్తే అడగండి, కిటికీ దానికే ఉంటుంది. ఏసీ చలికి శాలువా తప్పదు. ఎదురు సీటు పెద్దావిడ మంగుస్తాను పళ్ళు ఒలిచి, నేను మొహమాటపడుతుంటే చేతిలో కుక్కింది.

తెల్లవారాక కిటికీ వదల్లేకపోయాను. పచ్చటి వరిచేలు, కొబ్బరి తోటలు, రబ్బరు తోటలు. పడమట మబ్బులో మునిగిన ఖావ్ లువాంగ్ కొండలు. కనపడకపోయినా తూర్పున సముద్రం ఉంది. మా జిల్లా కూడా ఇంతే, కొండలకీ సముద్రానికీ మధ్య ఇరుక్కుని ఉంటుంది. అన్ని సముద్రాలు దాటి మా ఊరికే వస్తున్నానా అనిపించింది.

పదకొండు ప్రాంతంలో దిగాను. నోయ్ అన్న సోమ్ వచ్చాడు. వెనక రెండు బెంచీలు వేసిన ట్రక్కు టాక్సీ నడుపుతాడు. టూరిస్టుల వల్ల కాస్త ఇంగ్లీషు వచ్చు. దారిలో పాత ఎర్ర ఇటుకల కోటగోడ చూపించాడు. ఊరంతా ఒక పొడుగాటి ఇసుక మిట్ట మీద కట్టిందట. ఒకప్పుడు దీని పేరు తాంబ్రలింగ. మన తీరం నుంచి వచ్చిన వర్తకులూ బ్రాహ్మణులూ ఇక్కడ దిగారట. రోడ్డుకి ఇటు చిన్న శివాలయం, అటు విష్ణ్వాలయం. సోమ్ "ఇసువన్, నారాయ్" అని చూపిస్తే, ఈశ్వరుడు, నారాయణుడు అని నాలో నేను అనుకుని దణ్ణం పెట్టుకున్నాను. ఇంకాస్త ముందుకు మసీదు, ఆ తర్వాత చైనావాళ్ళ గుడి.

ఇంట్లో భోజనం సన్న సేమ్యా లాంటి బియ్యప్పిండి పోగులు, చేపల పులుసు, పళ్ళెం నిండా పచ్చి ఆకులు. ప్లోయ్ మంచం కిందే తింది. అమ్మమ్మ బతిమాలినా రాలేదు.

గుడికి బయలుదేరేముందు నేనో పని చేశాను. కొత్తగుడ్డ కదా, అలవాటుగా మా అమ్మ ఇచ్చిన పసుపు తడిపి నాలుగు మూలలా బొట్లు పెట్టాను. అది చూసి అమ్మమ్మ కెవ్వుమంది. దేవుడి గుడ్డకి మరకలా! నేను నోరు తెరిచేలోపే లాక్కుపోయి సబ్బు పెట్టి రుద్దింది. పసుపు మీద సబ్బు పడితే ఏమవుతుందో మనకి తెలుసు. మరక ఎర్రబడింది. ఆవిడ ఇంకా రుద్దింది, ఇంకా ఎర్రబడింది.

"నా కూతురు పంపింది గుడ్డా, గారడీయా?" అని అమ్మమ్మ అరుస్తోందని సోమ్ చెప్పాడు, నవ్వాపుకుంటూ.

మంచం కిందనుంచి కిలకిల వినిపించింది. ప్లోయ్ పాక్కుంటూ వచ్చి, పసుపు గిన్నెలో వేలు ముంచి అమ్మమ్మ చేతి సబ్బు మీద రాసింది. ఎర్రబడింది. మళ్ళీ రాసింది. తర్వాత నా వైపు చెయ్యి చాపింది. ఆ అరచేతిలో ఒక బొట్టు పెట్టాను. గుడ్డని ఉత్త నీళ్ళతో కడిగితే ఎరుపు తగ్గి మళ్ళీ పసుపయింది. అమ్మమ్మ నా మొహం చూసి, ఏమనుకుందో, మిగతా మూడు మూలలూ కడగకుండా వదిలేసింది.

మహాధాతు స్తూపం తెల్లగా, కొన మీద బంగారంతో ఉంది. దాని నీడ నేలమీద పడదని అక్కడివాళ్ళ నమ్మకం. నాకు మాత్రం ఎండ తప్ప ఏమీ కనపడలేదు. స్తూపం అడుగున చుట్టూ ఉన్న గూళ్ళలోంచి ఏనుగు తలలు బయటికి చూస్తుంటాయి. హేమమాలా దంతకుమారుడూ మన కథలో భార్యాభర్తలు, ఇక్కడ తోబుట్టువులు. ఓడ పగిలి ఈ ఇసుకలో చేరి దంతాన్ని పాతిపెట్టారట. నేను ఏ ఊరినుంచి వచ్చానో సోమ్ చెబితే అమ్మమ్మ నా తల నిమిరింది.

గుడ్డ తలమీదికెత్తి స్తూపం చుట్టూ తిరగాలి. ముందు చివర ప్లోయ్ తనే అందుకుంది. నోయ్ చివర నేను పట్టుకున్నాను. సోమ్ ఫోన్‌లో నోయ్, యూనిఫామ్‌లో, టవళ్ళ గదిలో నిలబడి చూస్తోంది. నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుంది. ప్లోయ్ ఫోన్ వైపు తిరగలేదు, గుడ్డా వదల్లేదు. మూడు చుట్లయ్యాక గుడ్డ గుడివాళ్ళకి అప్పగించాం. "పిల్ల ఎంత ఎత్తయింది!" అని మాత్రం అంది నోయ్.

మర్నాడు మధ్యాహ్నం ఒంటిగంటకి తిరుగు రైలు. వెతుక్కుంటూ వచ్చిన చోటు చూశాను. ఓడలెక్కి వచ్చినవాళ్ళకి ఆ ఊరు గుళ్ళూ మసీదులూ కట్టుకోవడానికి చోటిచ్చింది. నాకు ఒక పూటలో చుట్టరికం ఇచ్చింది. అయినా ప్లాట్‌ఫామ్ మీద నిలబడితే మనసంతా వెలితిగా ఉంది. చేసిందంతా ఇంకొకరి బదులు చేసినట్టే ఉంది.

రైలెక్కి కిటికీ దగ్గర కూర్చున్నాను. సోమ్ ప్లోయ్‌ని ఎత్తి పట్టుకున్నాడు. రెండు రోజుల్లో మొదటిసారి ఆ పిల్ల నన్ను "నా" అని పిలిచింది, పిన్నీ అని. ఇంకా ఏదో గబగబా చెప్పింది. నాకు అర్థం కాలేదు. రైలు కదులుతుంటే సోమ్ పక్కన నడుస్తూ నాకు తెలిసేలా చెప్పాడు.

"ఈసారి నువ్వక్కడ ఉండి అమ్మ డ్యూటీ చెయ్యమంటోంది. అమ్మని పంపించమంటోంది."