బెటాలియన్‌లో వంటవాడి చోటు

రష్యా, ఉక్రెయిన్ యుద్ధం గురించి కువైట్‌లో ఉన్న తెలుగువాళ్లలో నాకు తెలిసినంత ఇంకెవరికీ తెలియదు. ఈ మాట మూడేళ్లపాటు చెప్పుకుని తిరిగాను. ఇప్పుడు కాస్త తగ్గించి, హవల్లీలో శుక్రవారం సెలవుకు మా గదికి చేరే ఆరుగురిలో నాకే ఎక్కువ తెలుసు అంటున్నాను. మిగతా ఐదుగురూ ఆ యుద్ధాన్ని ఏనాడూ పట్టించుకోలేదు కనుక ఇందులో అబద్ధమేమీ లేదు.

నా చదువంతా దివానియాలో జరిగింది. ముబారక్ అల్ కబీర్‌లో ఒక ఇంటికి నేను డ్రైవర్ని. ఆ ఇంటి యజమానిని మేము బాబా అంటాం. ఆయన సైన్యంలో ఒక బెటాలియన్‌కు కమాండర్‌గా చేసి రిటైరయ్యాడు. రోజూ సాయంత్రం ఆయన్ని దివానియాకు తీసుకెళ్లాలి. అది మగవాళ్లు గోడ పొడవునా దిండ్లకు ఆనుకుని, టీ తాగుతూ లోకాన్ని చక్కదిద్దే పెద్ద గది. అక్కడ బాబా కాక ఇంకో ముగ్గురు మాజీ ఆఫీసర్లుంటారు. ఒకాయన రష్యా పక్షం, ఒకాయన ఉక్రెయిన్ పక్షం, మూడో ఆయన ఆ వారం ఎవరు గెలుస్తుంటే వాళ్ల పక్షం. టీ పోసే మనిషి రాని రోజుల్లో గ్లాసులు నేనే అందిస్తాను. గ్లాసులు అందించేవాడికి చెవులుంటాయని ఆఫీసర్లకు తట్టదు.

అక్కడ విన్నదంతా శుక్రవారం మధ్యాహ్నం హవల్లీ గదిలో పారబోసేవాణ్ణి. అన్నాలయ్యాక చాప మీద ఉడకబెట్టిన శెనక్కాయలతో బెటాలియన్ కట్టేవాణ్ణి. ఒక గుప్పెడు ఒక ప్లటూన్. మూడు ప్లటూన్లు ఒక కంపెనీ, మూడు కంపెనీలు కలిస్తే బెటాలియన్‌కు నడుము. పక్కన పచ్చిమిరపకాయలు ట్యాంకులు, ఉల్లిపాయలు ఫిరంగులు. యుద్ధం మొదట్లో రష్యావాళ్లు ఇలా అన్నీ కట్టి, ఒక్కో బెటాలియన్ తన కాళ్ల మీద తానే నిలబడుతుందని పంపారనీ, తీరా చూస్తే బళ్లు ఎక్కువై, బండి దిగి పొదలు వెతికే మనుషులు తక్కువై, ట్యాంకులు పొయ్యిలో కట్టెల్లా కాలాయనీ చెప్పేవాణ్ణి. ఉక్రెయిన్ వైపు బ్రిగేడ్ ఒక ఉమ్మడి కుటుంబం, బెటాలియన్లు దాని కొడుకులు. ఊళ్ల కాపలాకు ఊరివాళ్లతోనే కట్టిన బెటాలియన్లు వేరే. వాటిలో బడిపంతుళ్లు, ట్రాక్టర్ డ్రైవర్లు, దగ్గర దగ్గర నా వయసువాళ్లు కూడా ఉన్నారట. అక్కడ అరవైకి దగ్గరైనవాడికి కందకం చూపిస్తారు. ఇక్కడ అరవై దాటినవాడి ఇఖామా, అంటే దేశంలో ఉండనిచ్చే పర్మిట్టు, చూసి ముఖం చిట్లిస్తారు. ఎవరి మర్యాద వాళ్లది.

నేను దాడి మొదలుపెట్టేసరికి నా శ్రోతలు రెండు కంపెనీలను ఒలుచుకుని తినేసి ఉండేవాళ్లు. నిజం యుద్ధంలోనూ అంతేనట. కాగితం మీద బెటాలియన్ అనే ఉంటుంది, లెక్కేస్తే కంపెనీ కూడా మిగలదు.

ఇంతవరకు ఆగి ఉంటే బాగుండేది. ఇవన్నీ నీకెలా తెలుసని ఒకరోజు ఎవరో అడిగారు. టీ గ్లాసుల సంగతి చెప్పడానికి నాకు నామోషీ అయింది. కువైట్‌కు వచ్చిన మొదట్లో నేనూ ఒక బెటాలియన్‌కు వంట చేశానన్నాను. ఎడారిలో క్యాంపు, నా పొట్ట ఎత్తు డేగిసాలు, అయిదొందల మంది ఆకలి. ఒకసారి గుండు వచ్చి పక్కనే పడిందనీ, పిక్క మీది మచ్చ దానిదేననీ లుంగీ ఎత్తి చూపించాను. పైగా ఒక సిద్ధాంతం కూడా చేశాను: బెటాలియన్‌లో అందరికంటే క్షేమంగా ఉండేవాడు వంటవాడు, కమాండర్ చస్తే ఇంకో కమాండర్ వస్తాడు, వంటవాడు చస్తే యుద్ధమే ఆగిపోతుంది. అందరూ నవ్వారు. ఒక్కడు నవ్వలేదు. అతను ఆ మాటను దాచుకున్నాడు.

అతనిది రాయచోటి. ఏసీ మెకానిక్, నలభై ఏళ్లుంటాయి, ఊళ్లో భార్యా ఇద్దరు ఆడపిల్లలూ. నన్ను చిన్నాయనా అని పిలుస్తాడు. అతని కఫీల్, అంటే వీసాకు పూచీ ఉన్న యజమాని, షాపు ఎత్తేస్తున్నాడు. ఇఖామా అయిపోవడానికి ఇంక నెల కూడా లేదు. కొత్త కఫీల్ దొరకలేదు. ఒక శుక్రవారం మిగతావాళ్లు కునుకు తీస్తుంటే నన్ను వంటింట్లోకి పిలిచి ఫోన్ చూపించాడు. ఎవరో ఏజెంటు. రష్యా సైన్యంలో హెల్పర్ పని. వంట, సామాన్లు దించడం, గోడౌన్. తుపాకీ ముట్టుకోనక్కర్లేదు. ఏడాది చేస్తే పాస్‌పోర్టు కూడా ఇస్తారట. పది రోజుల్లో ప్రయాణం.

"నీ మాట మీదనే పోతాండా చిన్నాయనా. వంటోడే అందరికంటే క్షేమంగా ఉంటాడంటివి గదా," అన్నాడు.

అప్పుడైనా నిజం చెప్పాల్సింది. చెప్పలేదు. పొయ్యి ఎప్పుడూ గాలికి వీపు పెట్టి వెలిగించమనీ, కమాండర్‌కు మొదటి గిన్నె పంపమనీ పెద్ద అనుభవజ్ఞుడిలా సలహాలిచ్చాను. అతను తల ఊపుతూ బుద్ధిగా విన్నాడు. నా జన్మలో నా మాట అంత శ్రద్ధగా విన్నవాడు అతనొక్కడే, ఆ వినడమే నన్ను భయపెట్టింది.

మర్నాడు దివానియాకు పోతూ కారులో బాబాను అడిగాను, బెటాలియన్‌లో వంటవాళ్లు ఎక్కడుంటారని. నీకెందుకు అన్నాడు. మా గదిలో ఒకడు పోతున్నాడన్నాను. బాబా మామూలుగా యుద్ధం మాటెత్తితే దారంతా మాట్లాడతాడు. ఆ రోజు మాత్రం తూచి తూచి మాట్లాడాడు.

"పటం మీద వంటబండి వెనకే ఉంటుంది," అన్నాడు. "ఇప్పుడు డ్రోన్‌కు వెనకా ముందూ లేదు, ముందు కనబడేది బండే. కందకంలో ఉన్నవాడు ఒకసారి పోయి అక్కడే ఉంటాడు. అన్నం మోసేవాడు ఆ దారిలో రోజూ పోయి రావాలి. ఇక మనుషులు తగ్గినప్పుడు కమాండర్ ఆ ఖాళీని దగ్గర ఉన్నవాళ్లతో నింపుతాడు. అందరికంటే దగ్గర ఉండేది వంటవాడు."

ఇప్పుడు రష్యావాళ్లు దాడికని వేరే దళాలు కడుతున్నారనీ, భాష రాని కొత్తవాణ్ణి అందులో ముందు వరసలోకి తోస్తారనీ, వాడికోసం అడగడానికి ఎవరూ రారనీ చెప్పాడు.

మరుసటి శుక్రవారం ఇదంతా పూసగుచ్చినట్టు చెప్పాను. మెకానిక్ చెవిన పెట్టలేదు. అప్పటికే అతను సూట్‌కేసు కొన్నాడు.

"పోయిన వారం అట్లంటివి, ఈ వారం ఇట్లంటాండావు. నువ్వు పోయి చేసొచ్చినోడివి. మీ బాబా ఏసీలో కూచోని చెప్తాండాడు. నీ మాటే నమ్ముతా," అన్నాడు.

నన్ను నమ్మడమే అతని జబ్బు అని నాకు అర్థమైంది. దానికి మందు ఒక్కటే ఉంది, అది మింగాల్సింది నేను. ఐదుగురి ముందు చెప్పాను. నేను ఏ బెటాలియన్‌కూ వంట చేయలేదు. పనిలో ఉన్న సైనికుణ్ణి తపాలా బిళ్ల మీద తప్ప చూడలేదు. కడపలో ఏజెంటు నాకిచ్చింది వంటవాడి వీసా, దిగాక నన్ను తోలింది వఫ్రాలో ఎడారి తోటలకు. రెండేళ్లు మేకలు కాశాను. ఇంటికి రాసిన ఉత్తరాల్లో మాత్రం రోజూ బిర్యానీ వండాను.

"పిక్క మీద మచ్చ?" అన్నాడు.

"గ్రీన్‌హౌస్ ఇనప తీగ గీసుకునింది."

"ఎన్ని మేకలు?"

"మున్నూరు," అన్నాను అలవాటుగా. అతను చూపు తిప్పలేదు. "నలభై. రెండు కుంటివి," అన్నాను.

ఎవరూ నవ్వలేదు. నవ్వుతారనే నేను సిద్ధపడ్డాను. బఖాలాలో, అంటే కిరాణా కొట్లో పనిచేసే పులివెందులాయన గొంతు సవరించుకుని, తాను తోటమాలి వీసా మీద వచ్చి ఇంతవరకు ఒక్క మొక్కకూ నీళ్లు పోయలేదన్నాడు. తలుపు దగ్గర కూర్చున్న ఇంకొకతను డ్రైవర్ వీసా మీద వచ్చి మూడేళ్లు గిన్నెలు తోమాడట. ఏళ్లతరబడి శుక్రవారాలు పక్కపక్కన కునుకు తీసి ఎవరికి వాళ్లం దాచుకున్న సంగతి ఇది. కాగితం మీద ఒక పని, దిగాక ఇంకో పని. ఇది తెలియనివాడు కువైట్‌లో లేడు. అయినా రష్యా కాగితం మీద హెల్పర్ అని ఉంటే హెల్పరే అనుకున్నాం.

మెకానిక్ ఏజెంటుకు ఫోన్ కలిపి అందరికీ వినబడేలా పెట్టాడు. హిందీలో ఒక్క మాట అడిగాడు: పోయాక వంట కాకుండా వేరే పని చెప్తే తిరిగి రావచ్చా. కమాండర్ ఏది చెబితే అది చేయాలి, ముందు సంతకం పెట్టి పంపు, పూర్తి కాగితం దిగాక ఇస్తారు అన్నాడు ఏజెంటు. దిగాక ఇస్తారు. నాకు కడపలో చెప్పిన మాట కూడా అదే.

"నేను రాను. ఖలాస్," అని ఫోన్ పెట్టేశాడు. తర్వాత నా వైపు తిరిగాడు. "పోనైతే పోను. ఇఖామా ఎవురిప్పిస్తారు, నువ్వా?"

బాబా చేత ఇప్పిస్తాను, నా మాట ఆయన కాదనడు, అని నాలుక చివరిదాకా వచ్చింది. దాన్ని వెనక్కి మింగడానికి పడ్డ కష్టం దేవుడికే తెలుసు. "అడుగుతా. అంతవరకే," అన్నాను.

శనివారం కారులో బాబాను అడిగాను. ఆదివారం మెకానిక్‌కు ఫోన్ చేశాను. బాబా ఇఖామా కాపీ పంపమన్నాడు, చుట్టాల్లో ఎవరికైనా మెకానిక్ కావాలేమో అడిగి చూస్తానన్నాడు, ఇప్పిస్తానని మాత్రం అనలేదు. బాబా అన్నవి ఈ మూడు మాటలే. నేనూ ఈ మూడే చెప్పాను.

"ఇంకేమనలేదా?" అన్నాడు మెకానిక్.

ఇంకేమీ అనలేదన్నాను. కాపీ పంపాడు.