కదిలితే బొమ్మ పాడైతది

మొన్న వేల్పూర్ నుంచి ఒక కాలేజీ పిల్ల వచ్చింది. వెనకట పసుపు ఎట్లా ఉడకబెట్టేవాళ్ళో చూపించే వీడియో ఏదైనా దొరుకుతుందా అని ఆర్మూర్ అంతా తిరుగుతోందట. ఇప్పుడు ఎక్కడ చూసినా ట్రాక్టర్ వెంట వచ్చే బాయిలర్లే కదా. "మా ఇంట్ల ఉంది, కూసో బిడ్డా" అన్నాను గొప్పగా. మా మేనమామ తీసిన క్యాసెట్‌ను పెన్‌డ్రైవ్‌లోకి ఎక్కించి పెట్టుకున్నాను గానీ, ఒక్కనాడూ చూసిన పాపాన పోలేదు.

మామకు ఊళ్ళో ఫోటో స్టూడియో ఉండేది. కొత్తగా వీడియో కెమెరా కొన్న ఏడు, తీయాల్సిన పెళ్ళి లేని ఒక రోజు చూసుకుని అమ్మమ్మ కల్లానికి వచ్చాడు. పసుపు ఉడకబెట్టడానికి అమ్మమ్మ పెట్టింది పేరు. ఇనుప కడాయిలో ఉడికే కొమ్మును పుల్లతో గుచ్చి, ఆవిరి వాసన చూసి, మంట ఎప్పుడు తీయాలో చెప్పేది. ఎక్కువైతే రంగు చెడుతుంది, తక్కువైతే లోపల పచ్చి. చుట్టుపక్కల రైతులంతా ఆమెనే పిలిపించుకునేవాళ్ళు. "గీ పని అవ్వతోనే పోవద్దు, తీసి పెడత" అన్నాడు మామ. బుద్ధి మంచిదే, కానీ ఫోటోలకు అలవాటు పడిన చెయ్యి ఊరుకుంటుందా. "బిడ్డా, అందర్ని జర నిలవెట్టు. కదిలితే బొమ్మ పాడైతది" అన్నాడు. అప్పుడే టీచరుద్యోగం వచ్చిన దాన్ని, నిలబెట్టడం నాకు ఒకరు చెప్పాలా? కూలీలందరి చేతా మంచి బట్టలు కట్టించి వరుసలో పెట్టాను.

ఇప్పుడు పెన్‌డ్రైవ్ పెట్టి చూస్తే, టీవీలో అందరూ కొయ్యబొమ్మల్లా నిలబడి ఉన్నారు. ఆ పిల్ల మర్యాదకు తల ఊపుతోంది. నాకు మామ మీద ఒళ్ళు మండిపోతోంది. అంతలో వెనక అమ్మమ్మ కనబడింది. ఆమె ఒక్కతే పని ఆపలేదు. కడాయి మీదికి వంగి కొమ్ములో పుల్ల గుచ్చబోతోంది. "ఇదే, ఇదే చూడు" అంటూ లేచాను. అప్పుడు వినబడింది ఒక గొంతు, నాదే.

"అమ్మమ్మా, గా పుల్ల పడేయ్. సక్కగ నిలవడి గిటు చూడు."

"ఉడుకుతుంటే ఇడిచి రమ్మంటవేందే?" అంది అమ్మమ్మ. అన్నది గానీ, చదువుకున్న మనవరాలి మాట కదా, పుల్ల పక్కన పెట్టి, కొంగు సర్దుకుని, కెమెరా వైపు తిరిగింది. క్యాసెట్ అయిపోయేదాకా అట్లాగే ఉంది.

ఆ పిల్ల వెళ్ళాక ఎన్నిసార్లు వెనక్కి తిప్పి చూశానో. మామ మీద కోపం ఎటో పోయి, నా నెత్తి నేనే కొట్టుకోవాలనిపించింది. ఆ రోజు రెండు నిమిషాలు నిలబడమన్నాను. అమ్మమ్మ పోయి ఇన్నేళ్ళయినా, నా మాట మీద ఇంకా నిలబడే ఉంది.