రాలిపోయిన సగం పేరు

నిన్న మా ఆయన దవడ పన్ను పీకించుకుని వచ్చి, మధ్యాహ్నం అన్నం తిన్నాక మాత్రల పట్టీ చించాడు. ఆ వాసన వంటింట్లో ఉన్న నాదాకా వచ్చింది. తేమ పట్టిన గోనెసంచిలో గంధకం దాచినట్టుండే ఆ వాసన అందరికీ పడదు. మా అమ్మాయి ముక్కు మూసుకుని అవతలి గదిలోకి పోయింది. నాకు మాత్రం అది మా పాత మేనేజరు దానయ్య సార్ సంచి వాసన. ఆ తోలుసంచి మూత తీస్తే చాలు, నమూనా మాత్రలూ, చెమటకు మెత్తబడ్డ కాగితాలూ, ఆయన భార్య కట్టిచ్చిన జొన్నరొట్టే అన్నీ కలిసి ఇదే వాసన వచ్చేది. "ఏం మందు ఇచ్చారు?" అని అడిగితే మా ఆయన పట్టీ తిప్పి చూడనైనా చూడకుండా "క్లావ్" అన్నాడు. ఇన్నేళ్లు నాతో కాపురం చేసిన మనిషి కూడా ఆ మాటే అంటే కోపం రావాలి. రాలేదు. అలసటగా అనిపించి వచ్చి కుర్చీలో కూర్చున్నాను.

నేను మందుల కంపెనీ ప్రతినిధిని. డాక్టరు గారి గది బయట సంచి పట్టుకుని, రోగులందరూ అయిపోయేదాకా గోడకు చేరగిలబడి నిలబడే మెడికల్ రెప్‌లను మీరు చూసే ఉంటారు. నేను ఉద్యోగంలో చేరిన కాలంలో సూర్యాపేట, కోదాడ, మిర్యాలగూడల్లో ఈ పని చేసే ఆడవాళ్లు దాదాపు లేరు. ఎక్కడికి వెళ్లినా కాంపౌండరు నన్ను రోగి అనుకుని చీటీ రాయబోయేవాడు. దానయ్య సార్ ఈ మూడు ఊళ్లకూ మా ఏరియా మేనేజరు. చివ్వెంల పక్క పల్లెటూరి మనిషి. పొట్టిగా, నల్లగా ఉండేవారు. బస్సు దిగగానే టై కట్టుకునేవారు, చివరి డాక్టరును కలిసి బయటికి రాగానే విప్పి జేబులో కుక్కేసేవారు. నాకు పని నేర్పే బాధ్యత ఆయన మీద పడింది. ఆడపిల్లకు ఈ పని ఎందుకని ఆయన ఒక్కసారి కూడా అనలేదు. నీళ్ల సీసా తెచ్చుకున్నావా అని మాత్రం రోజూ అడిగేవారు.

మొదటి పాఠం కోదాడ బస్సులో జరిగింది. అప్పట్లో మా కంపెనీ కొత్తగా తెచ్చిన తెల్ల మాత్రల పట్టీ ఒకటి నా చేతిలో పెట్టి, దీని పేరు చెప్పమన్నారు. పట్టీ మీద పెద్ద అక్షరాల్లో ఉన్న పేరు చెప్పాను. అది కంపెనీ పెట్టుకున్న పేరు, లోపలి పేరు చెప్పమన్నారు. నాకు శిక్షణలో నేర్పింది గుర్తు తెచ్చుకుని ధీమాగా "క్లావ్ సార్" అన్నాను.

"గది సగమే బిడ్డా," అన్నారాయన. పట్టీ తిప్పి, చీమల బారులా ఉన్న చిన్న అక్షరాల మీద వేలు పెట్టారు. "సదువు. అమాక్సిసిలిన్, క్లావులానిక్ ఆసిడ్. రెండున్నయి. ముందుగాల ఉన్నదాని తోక సూడు. సిలిన్ అని ఉంటే అది పెన్సిలిన్ ఇంటిది. మనకు ఇంటిపేరు ఎట్లనో దానికి గట్ల. క్రిమిని సంపేది అదే. ఇగ క్లావ్ ఉన్నదే, అది సంపదు. క్రిమి ఆ అమాక్సిసిలిన్‌ను ఇరగ్గొట్టకుంట అడ్డం నిలబడ్తది, గంతే. తోడు పెండ్లికూతురు లెక్క. మనమేమో తోడు పెండ్లికూతురు పేరు ఊరంత సాటించి, పెండ్లికూతురు పేరు దాస్తున్నం."

నేను నవ్వాను. ఆయన నవ్వలేదు. దాచడానికి కారణం నాకూ తెలుసు. అమాక్సిసిలిన్ పాత మందు. ఎరుపు, పసుపు రెండు రంగుల గొట్టం మాత్రగా ప్రతి పల్లెలోనూ దొరుకుతుంది. ఆ పేరు ముందు పలికితే డాక్టరుకు ఇందులో కొత్తదనం ఏముందనిపిస్తుందని మాకు శిక్షణలో చెప్పారు. అందుకని రెండో సగాన్నే పట్టుకుని, దాన్నీ ముక్క చేసి క్లావ్ అనుకున్నాం. మేం అన్నదే దుకాణాల వాళ్లు అన్నారు. దుకాణాల వాళ్లు అన్నదే జనం అన్నారు. అబద్ధం ఎవరూ చెప్పలేదు. సగం పేరు మాటల్లో రాలిపోయింది, ఎవరూ వంగి తీయలేదు.

దానయ్య సార్ మాత్రం ఏ డాక్టరు ముందు నిలబడ్డా పూర్తి పేరుతోనే మొదలుపెట్టేవారు. మాకు దొరికేది ఒక్క నిమిషం. అందులో సగం ఆ పేరుకే పోయేది. నెమ్మదిగా, ఒక్కో అక్షరం విడదీసి, పెళ్లిపత్రిక చదివినట్టు చెప్పేవారు. సూర్యాపేటలో ఒక పెద్ద డాక్టరు గారు ఆయన్ని చూడగానే "రండి, పూర్తి పేరు సార్ వచ్చారు" అని నవ్వేవారు. పక్కన నిలబడ్డ నాకు తల కొట్టేసినట్టుండేది. మిగతా కంపెనీల కుర్రాళ్లు అంతలోనే రెండు మందులు చెప్పి బయటపడుతుంటే మేం ఇంకా మొదటి దాని పేరు దగ్గరే ఉండేవాళ్లం. ఒకసారి ఉండబట్టలేక, వాళ్లు చదువుకున్న డాక్టర్లు కదా సార్, క్లావ్ అంటే లోపల ఏముందో వాళ్లకు తెలియదా అన్నాను. "తెల్వక కాదు బిడ్డా. తెలిసినదాన్ని కూడా యాది చేసేటోడు ఒకడు ఉండాలె గద. పొద్దటిసంది వందమందిని సూసిన మనిషికి అన్నీ యాదికుంటయా?" అన్నారు. అది నాకు అప్పుడు చాదస్తంగానే తోచింది.

మిర్యాలగూడలో ఒక ఎండాకాలం మధ్యాహ్నం అది చాదస్తం కాదని తెలిసింది. ఆసుపత్రి వరండాలో బెంచీ మీద కూర్చుని మా వంతు కోసం ఎదురుచూస్తున్నాం. ఊరంతా మిల్లుల్లో వడ్లు ఉడికే వాసన. మా పక్కన రైసు మిల్లులో పనిచేసే ఒకామె కూర్చుంది. జుట్టు నిండా తవుడు దుమ్ము. బస్తాలు లాగే కొంకి గుచ్చుకుని పిక్క వాచి, ఎర్రగా చీము పట్టి ఉంది. దానయ్య సార్‌కు పక్కవాళ్లతో మాట కలపకుండా ఉండటం చేతకాదు. ఏమైందని అడిగారు. ఆమె కాలు సంగతి చెప్పి, మా సంచులు చూసి తన మనసులో మాటా చెప్పింది.

"మీరు మందులోళ్లు గదా అయ్యా. నాకు గా ఎర్రది పసుపుది, రెండు రంగుల గోలి ఉంటది సూడు, అది పడదు. ఒకపారి మింగితే మూతి ఇంత లావు ఉబ్బింది. ఊపిరాడలె. ఖతమైననే అనుకున్న. అప్పటిసంది ఆ రంగు గోలి అవుపడ్తెనే పాణం గజగజ అంటది."

లోపల డాక్టరు గారికి ఆ సంగతి చెప్పమన్నారు సార్. చెబుతానంది. ఆమె వంతు వచ్చింది, లోపలికి పోయింది, చీటీ పట్టుకుని వచ్చి పక్కనే ఉన్న మందుల దుకాణానికి నడిచింది. దుకాణదారు పట్టీ కత్తిరించి ఇచ్చాడు. దూరం నుంచే ఆ పట్టీని గుర్తుపట్టాను, అది మాదే. "మన మాత్రే సార్," అన్నాను సంతోషంగా. ఆ మాట నా నోట్లో ఉండగానే ఆయన లేచారు. ఆయన అంత వేగంగా నడవగలరని నాకు అంతవరకు తెలియదు. ఆమె అప్పటికే వరండా చివర మంచినీళ్ల కుళాయి దగ్గర గ్లాసు నింపుకుని, మాత్ర అరచేతిలో వేసుకుని ఉంది.

"అమ్మా, ఆగు. మింగకు."

ఆమె చెయ్యి ఆగింది. మాత్ర చూపించింది. "తెల్లగున్నది గదయ్యా. ఇది గది కాదు."

"రంగు ఏరే. గోలి గదే," అన్నారు సార్.

ఆమెను వెంటబెట్టుకుని డాక్టరు గారి గదిలోకి వెళ్లారు. నేనూ వెనకే వెళ్లాను. డాక్టరు గారు నెమ్మదైన మనిషి. "ఏం దానయ్య గారూ, మీ మందే రాశాను కదా," అన్నారు. "గందుకే వచ్చిన సార్. జర కొట్టేయుండ్రి," అన్నారు దానయ్య సార్, ఆమెకు రెండు రంగుల గోలితో జరిగింది చెప్పి. డాక్టరు గారి ముఖం మారిపోయింది. ఆమె వైపు తిరిగి, పెన్సిలిన్ పడుతుందా అని నిన్ను అడిగాను కదమ్మా అన్నారు.

"అడిగినవు సారూ. నాకు పెన్సిలిన్ ఎవరిచ్చిండ్రు? పడ్తదన్న. ఎర్ర గోలి సంగతి చెప్దామనుకున్న, నువ్వు తెల్ల గోలి రాస్తనంటివి, ఇంకెందుకులే అనుకున్న."

డాక్టరు గారు అడగవలసింది అడిగారు. ఆమె తనకు తెలిసిందే చెప్పింది. ఆ ఇద్దరి మధ్య ప్రాణం పోయేంత ఖాళీ ఉంది. ఆ ఖాళీలో ఉండవలసిన పేరును మేం అమ్మకం కోసం చెరిపేశాం. ఆయన మా మందు కొట్టేసి వేరే జాతి మందు రాశారు. చీటీ పైన, తెలుగులో, పెన్సిలిన్ రకం మందులు ఈమెకు పడవని తానే రాసి గీత గీశారు. బయటికి వచ్చాక దానయ్య సార్ ఆమెను బెంచీ మీద కూర్చోబెట్టి, చీటీ పోతదమ్మా, పేరు నోటికి రావాలె, అమాక్సిసిలిన్ అను అన్నారు. ఆమె నోరు తిరగక సిగ్గుపడి కొంగు అడ్డం పెట్టుకుంది. "తిరుగుతది, అను. నీ పాణం గా పేరు మీదున్నది," అన్నారాయన. చివరికి పలికింది. కుంటుకుంటూ, ఆ పేరే గొణుక్కుంటూ ఎండలోకి నడిచి వెళ్లిపోయింది.

ఈ సంగతి కంపెనీ చెవిన పడకుండా ఎలా ఉంటుంది? దుకాణదారు ఎవరితోనో అన్నాడు, అది చిలవలు పలవలు అల్లుకుంది. కోదాడలో హైవే పక్క హోటల్లో మా మీటింగు పెట్టారు. పైనుంచి వచ్చిన మేనేజరు కృష్ణా జిల్లా ఆయన, మాట మర్యాద తప్పని మనిషి. "రాసిన మందును మనమే కొట్టించుకుంటే ఎలాగండీ దానయ్య గారూ? రోగిని అడగడం డాక్టరు గారి బాధ్యత, ఆయన అడిగారు కూడానూ. మీరు చెప్పాల్సింది ఒక్క పేరు, అది చెప్పండి చాలు," అన్నారు.

"ఒక్క పేరే చెప్తున్న సార్. మొత్తం చెప్తున్న," అన్నారు దానయ్య సార్.

కొన్నాళ్లకు ఆయన్ని ఎక్కడో దూరపు జిల్లాకు మార్చారు. ఆయన వెళ్లలేదు, మానేశారు. పోట్లాడతారనుకున్నాను, పోట్లాడలేదు. సూర్యాపేట బస్టాండులో టై విప్పి జేబులో పెట్టుకుంటూ, ఇగ అలసిన బిడ్డా అన్నారు. ఊరెళ్లి బోరు కింద నాలుగు సాళ్లు పత్తి వేసుకుని బతికారు. నేను ఉద్యోగంలో ఉండిపోయాను. ఇంటి ఖర్చులు ఎవరిని ఆగనిస్తాయి?

ఆయన కుర్చీ నాకు వచ్చినప్పుడు ఆ ఊరు వెళ్లాను. బాగా చిక్కిపోయారు. మంచం మీద లేచి కూర్చుని, మేనేజరమ్మ వచ్చింది, కుర్చీ వెయ్యవే అని భార్యను కేకేశారు. మీరు చెప్పినట్టే పూర్తి పేరు చెబుతున్నాను సార్ అన్నాను. ఆయన తలూపారు గానీ ముఖంలో పెద్ద వెలుగేమీ రాలేదు.

"చెప్పు. చెప్తనే ఉండు. గెలుస్తమని మాత్రం చెప్పకు. ఇయ్యాల ఎవర్నడిగినా క్లావే అంటరు," అన్నారు. వాకిట్లోకి చూస్తూ అడిగారు: "బిడ్డా, గా మిల్లామె పేరేంది?"

ఆలోచించాను. నాకు తెలియదు.

"నాకూ తెల్వదు," అన్నారు. "గోలి పేరు ఆమె నోట పలికిచ్చిన. ఆమె పేరు నేను అడగనే లేదు. గది ఒక్కటే నాకు గుచ్చుకుంటది."

తర్వాత ఆయన పోయారు. మా రెప్‌ల వాట్సాప్ గుంపులో దండాలు పెట్టే చేతుల బొమ్మల మధ్య ఆ కబురు చూశాను. బస్టాండులో ఉన్నాను, చుట్టూ జనం. సంచి ఒళ్లో పెట్టుకుని ఏడ్చాను.

ఇప్పటికీ ప్రతి డాక్టరు ముందూ పూర్తి పేరు చెబుతాను. మొన్న కోదాడలో ఒక కుర్ర డాక్టరు "క్లావే కదా మేడం, తెలుసు" అని గడియారం చూసుకున్నాడు. మిగతా సగమూ చెప్పే లేచాను. విసుగు పుడుతోంది, మోకాళ్లు నొప్పి, ఎవరికి ఉపయోగపడిందో తెలిసే దారి లేదు. కానీ వరండాల్లో బెంచీ మీద నా పక్కన ఎవరు కూర్చున్నా, కాలో కడుపో అడగకముందు వాళ్ల పేరు అడుగుతాను. "నా పేరుతోటి నీకేం పనమ్మా?" అంటారు చాలామంది. పనేం లేదు, ఊరికే అంటాను. కాసేపు అనుమానంగా చూస్తారు. తర్వాత చెబుతారు. నేను ఆ పేరును ఒకసారి పైకి పలుకుతాను.