ముడి పడని ఆఖరి కన్ను

నిన్న పొద్దున మద్రాసు గ్యాలరీ నుంచి ఫోన్ వచ్చింది. మా మేనత్త రాగి తీగతో అల్లిన ఆఖరి బొమ్మను ఇన్నేళ్లకు పంపించాను. దాన్ని పెట్టెలోంచి తీసి చూస్తే, వీపు మీద ఒక కన్ను దగ్గర తీగ మెలితిప్పి ఉంది గానీ ముడి పడలేదట. కావాలని వదిలిందా, పొరపాటా, బిగించమంటారా అని అడిగారు. వలలో ఒక్కో గడిని మేం కన్ను అంటాం. "అట్లాగే ఉండనీండి" అని పెట్టేసి, బియ్యం కడిగి పొయ్యి మీద పడేశాను. ఏడుపు రాలేదు. అత్త పోయిన రోజూ రాలేదు.

తోటపల్లి గూడూరు దగ్గర మా పాళెంలో వల అల్లడంలో అత్తకు సాటి లేదు, నోటి దురుసులో అసలే లేదు. మామ సముద్రం మీద చేపల వేటకు వెళ్లినప్పుడు ఎంత వల అల్లినా ఆఖరి కన్ను మాత్రం ముడి వేసేది కాదు. మనిషి ఒడ్డెక్కాకే వేయాలి, ముందే వేస్తే అతని దారి మూసినట్టు. అది మా ఇంటి పట్టింపు. ఒక తుఫానులో మామ పడవ పోయింది. చెక్క ముక్క కూడా కొట్టుకురాలేదు. పెద్దలు కర్మ చేద్దామంటే, "మనిషిని చూపించండి, చేస్తా" అన్నది. ఆమె బొట్టు తీయలేదు, ఎవరూ తీయమనే సాహసం చేయలేదు.

తర్వాత రొయ్యల గుంటల్లో కూలికి పోయింది. అక్కడ నీళ్లకు గాలి పట్టించే ఏరేటర్ మోటార్లు ఊరికే కాలిపోయేవి. మెకానిక్ ఊడబీకిన రాగి తీగ అడిగి తెచ్చుకుని, వల ముడులతోనే ఒక పీతను అల్లింది. మా నాయన దాన్ని తిప్పి చూసి, "కూరకు పనికొస్తదా అక్కా?" అన్నాడు. "నీ పళ్లన్నీ ఊడినాక వండిపెడతాలే, గమ్మునుండు" అన్నది. రొయ్యలు కొనడానికొచ్చిన ఒక డ్రాయింగు మాస్టారు ఆ పీతను నెల్లూరు ప్రదర్శనకు పట్టుకుపోయారు. అలా మొదలై కొంగలు, పొడుగు తోక టేకు చేపలు, పడవలు మద్రాసు దాకా, ఢిల్లీ దాకా వెళ్లాయి. అన్నింటిలో ఒక కన్ను తెరిచే ఉండేది. పేపరువాళ్లు దాన్ని శూన్యమన్నారు, అనంతమన్నారు. నేను చదివి వినిపిస్తే, "ఏం శూన్యమే, ముడి వెయ్యలా, అంతే గదా" అన్నది.

తీగ లాగీ లాగీ ఆమె వేళ్లు మొద్దుబారిపోయాయి. కాలే టీ గ్లాసు పట్టుకున్నా తెలిసేది కాదు. చూపూ తగ్గింది. అప్పుడు మొదలుపెట్టింది మామ బొమ్మ, నిలువెత్తు మనిషిని. రెండేళ్లు పట్టింది. వీపు దగ్గర ఆఖరి కన్ను మిగిలిన మధ్యాహ్నం నన్ను పిలిచి, "ఇది వేసేస్తానే. ఇంక రాడులే" అన్నది. చాలాసేపు తీగ మెలితిప్పి, "పడిందా ముడి?" అని అడిగింది.

తడిమి చూశాను. పడలేదు. తీగ కొస పక్కన గాలిలో ఉంది.

"పడిందత్తా" అన్నాను. ఆమె లేచి వెళ్లి తలమీదుగా స్నానం చేసింది. బయటికొచ్చినప్పుడు నుదుట బొట్టు లేదు.

తర్వాతైనా నేను ఆ ముడి వేసేయగలిగేదాన్ని. ఒక్క నిమిషం పని. చెయ్యి రాలేదు. ఆ సంగతి ఆమెకు చెప్పనూ లేదు, మూడు నెలలకు ఆమే పోయింది. ఏళ్లు గడిచేకొద్దీ అత్త వేళ్లకెక్కిన మొద్దుతనం నాకు లోపల ఎక్కినట్టుంది. ఫోన్ పెట్టేసి పొయ్యి ముందే నిలబడి కూడా, నిన్న అన్నం అడుగంటి నల్లబడేదాకా నాకు వాసన తెలియలేదు.